ఎనిమిది పెట్టెల ఎన్నిక

డాక్టరేట్ చేతికిచ్చిన రోజు తరవాత, పద్మనాభం గారి పరిశోధన గురించి ముప్ఫయ్యొక్క సంవత్సరాలలో ఆయన్ని ఎవరూ ఒక్క ప్రశ్నా అడగలేదు. అమెరికాలో దక్షిణ కెరొలైనా అనే రాష్ట్రం ఒకటుందనీ, పందొమ్మిదో శతాబ్దంలో అక్కడి రాజకీయాల గురించి తనకి తెలిసినంతగా ఈ గోదావరి జిల్లాల్లో మరొకరికి తెలియదనీ ఆయనకి గట్టి నమ్మకం. ఆ నమ్మకం నిజమే. తెలుసుకోవాలని మరొకరు అనుకోలేదు. ఆ డాక్టరేట్ ఇచ్చిన రోజున కూడా పరీక్షాధికారి "అక్కడ వరి పండుతుందటగా?" అని ఒక్క మాట అడిగి, పండేదని విని, సంతోషించి సంతకం పెట్టాడు.

అందువల్ల, హితైషి కాలనీ సంక్షేమ సంఘం కార్యదర్శి దత్తాత్రేయులు ఒక ఆదివారం పొద్దున్నే వచ్చి, కుర్చీ దగ్గరికి జరుపుకుని, "మేష్టారూ, మీ అమెరికా సంగతి కాస్త చెబుతారా?" అనగానే, రిటైరైన ఆ చరిత్ర లెక్చరర్‌ తన కుర్చీ కూడా ముందుకి జరుపుకున్నారు. భార్య సీతారత్నాన్ని పిలిచి రెండు కాఫీలు చెప్పారు. ఆవిడ వచ్చినాయన్ని చూసి, "ఓట్ల గొడవా?" అంది.

ఓట్ల గొడవే. కాలనీలో ముందు మూడు వరసలు పాతవి. రిటైరైన ఇంజనీర్లు, హెడ్మాస్టర్లు, దత్తాత్రేయులు లాంటి మాజీ తాసిల్దార్లు అక్కడుంటారు. వాళ్ళ ఓట్లు నూట నలభై. రెండేళ్ళ కిందట మునిసిపాలిటీ ఒక ఉత్తర్వు వేసి, వెనకున్న పల్లపు వీధుల్ని కూడా సంఘంలో కలిపేసింది. పారిశుద్ధ్య పనివాళ్ళు, మేస్త్రీలు, రైల్వే తపాలా వాళ్ళు ఉండే ఆ వీధుల ఓట్లు రెండు వందల పన్నెండు. ట్యాంకు నీళ్ళు పొద్దున్న ముందు వరసలకి రెండు గంటలూ, పల్లపు వీధులకి ఇరవై నిమిషాలూ వదిలేవారు. నీళ్ళు పల్లానికి వాటంతటవే పోతాయి కనుక వాటిని ఆపడానికి ఒక వాల్వు పెట్టించి, దాని తాళంచెవిని దత్తాత్రేయులు జంధ్యానికి కట్టుకున్నారు. ఎన్నికలు ముప్ఫై రోజుల్లో ఉన్నాయి.

"మీ అమెరికాలో కూడా ఇలాంటి ఇబ్బందే వచ్చిందని విన్నాను," అన్నారు దత్తాత్రేయులు. "సంఖ్యాబలం అవతల ఉండిపోయింది. బాధ్యత మాత్రం ఇవతల ఉండిపోయింది."

పద్మనాభం గారు మొదలెట్టారు. అంతర్యుద్ధం ముగిసి బానిసలకి విడుదల వచ్చిందనీ, ఆ రాష్ట్రంలో వాళ్ళే సగానికి పైగా ఉన్నారనీ, ఓటు రాగానే శాసనసభలో కూర్చున్నారనీ, పిల్లలందరికీ ఉచితంగా బడి ఉండాలని రాజ్యాంగంలో రాయించారనీ చెప్పారు. తరవాత పాత యజమానులు ఎర్ర చొక్కాలు తొడుక్కుని తుపాకులతో వచ్చి ప్రభుత్వాన్ని లాక్కున్నారని చెప్పారు.

"తుపాకులు వద్దులెండి," అన్నారు దత్తాత్రేయులు బాధగా.

"వాళ్ళూ అదే అనుకున్నారు. తుపాకి వల్ల పేరు పాడవుతుంది. అందుకని పద్దెనిమిది వందల ఎనభై రెండులో ఒక చట్టం చేశారు. ఒక్కో పదవికి ఒక్కో పెట్టె. మొత్తం ఎనిమిది. ఏ పెట్టె దేనికో దాని మీద రాసి ఉంటుంది. చీటీ వేరే పెట్టెలో పడితే ఆ ఓటు చెల్లదు. చదువు రానివాడు వరసని బట్టి గుర్తుపెట్టుకోకుండా మధ్యమధ్య పెట్టెలు అటూ ఇటూ మార్చేవారు."

దత్తాత్రేయులు గారి కళ్ళు చెమర్చాయి. "ఎవర్నీ ఓటెయ్యొద్దని అనలేదు కదూ?"

"లేదు. చట్టంలో నల్లవాడు అన్న మాటే లేదు."

"అదీ పరిపాలనంటే!" అన్నారాయన, రెవెన్యూ శాఖలో ముప్ఫై ఆరేళ్ళు గడిపిన మనిషి మరో గొప్ప మనిషిని గుర్తుపట్టినట్టుగా.

ఆ చట్టం మానవజాతికి మాయని మచ్చ అని పద్మనాభం గారు తన సిద్ధాంత గ్రంథంలో పదకొండు పేజీలు రాశారు. ఆ మాట కూడా చెబుదామనే అనుకున్నారు. కానీ ఇంత శ్రద్ధగా వినే మనిషి లేచిపోతాడేమోనని తరవాతికి వాయిదా వేశారు. దత్తాత్రేయులు ఆ 'తరవాత' రాకముందే లేచి వెళ్ళిపోయారు.

*

సర్వసభ్య సమావేశంలో తీర్మానం చదివారు. "ఎన్నికల ప్రక్రియయందు పారదర్శకతను, శాస్త్రీయతను, అంతర్జాతీయ ప్రమాణాలను పెంపొందించు నిమిత్తం, ఇకమీదట ప్రతి పదవికిని ప్రత్యేక పేటిక ఏర్పాటు గావించబడును. అన్యపేటికాగతమైన మతపత్రము చెల్లనేరదు." అందులో ఎక్కడా పల్లపు వీధులు అన్న మాట లేదు.

సంఘానికి అప్పటివరకూ ఉన్నవి అయిదు పదవులు. అమెరికాలో ఎనిమిది పెట్టెలున్నాయి కనుక ఇక్కడా ఎనిమిది ఉండాలని దీపాల పర్యవేక్షకుడు, వృక్ష పర్యవేక్షకుడు, సాంస్కృతిక పర్యవేక్షకుడు అని మరో మూడు సృష్టించారు. అంకె ముఖ్యం కాదని పద్మనాభం గారు గొణిగారు. "ప్రామాణికతకి భంగం రాకూడదండీ," అని దత్తాత్రేయులు ఆయనకి శాలువా కప్పి, 'ఎన్నికల చారిత్రక సలహాదారు' అని ప్రకటించారు. చప్పట్లు పడ్డాయి. చప్పట్ల చప్పుడులో శాలువా బరువు పద్మనాభం గారికి తెలియలేదు.

వెనక బెంచీ మీద నుంచి గెడ్డం సువార్తమ్మ లేచింది. తపాలా రైలు పెట్టెలో ఉత్తరాలు విడదీసే ఉద్యోగం ముప్ఫై మూడేళ్ళు చేసి రిటైరైన మనిషి. పల్లపు వీధుల తరఫున అధ్యక్ష పదవికి నిలబడింది.

"పెట్టెల మీద ఏం రాశారో అడిగితే చదివి చెప్తారాండి?"

"చెప్పకూడదమ్మా. చెబితే రహస్య ఓటింగుకి భంగం."

"అచ్చక్షరాలేనాండి?"

"సంఘ రికార్డులు ఏ లిపిలో ఉన్నాయో ఆ లిపిలోనే."

సంఘ రికార్డులు దత్తాత్రేయులు గారి గొలుసుకట్టు రాతలో ఉన్నాయి. కలం ఎత్తకుండా ఒక అక్షరం తోకని ఇంకో అక్షరం మెడకి చుట్టే ఆ రాతని చదవలేక గతంలో ఇద్దరు కలెక్టర్లు చదివినట్టే సంతకాలు పెట్టారు. సువార్తమ్మ నోటీసు బోర్డు ముందు నిలబడి ఆ రాతని పావుగంట చూసింది. "మరేనండి," అని వెళ్ళిపోయింది.

*

ఎన్నిక రోజున గుడారంలో ఎనిమిది రేకు పెట్టెలు బల్ల మీద పెట్టారు. ముందు వరసలకి తెల్ల చీటీలు, పల్లపు వీధులకి పసుపు చీటీలు ఇచ్చారు. అది గణాంక సౌలభ్యం కోసమని దత్తాత్రేయులు వివరించారు. అరగంటకొకసారి స్వయంగా వచ్చి, చేతులు వెనక్కి కట్టుకుని ఆలోచించి, పెట్టెలు తారుమారు చేసి వెళ్ళారు.

పల్లపు వీధుల వాళ్ళు వచ్చారు. ఒక్కొక్కరూ బల్ల ముందు ఒక్క క్షణం ఆగి, పెట్టెల మీద చూపు ఇటునుంచి అటు ఒక్కసారి పోనిచ్చి, ఎనిమిది చీటీలూ టకటకా ఎనిమిదింట్లో పడేసి పోతున్నారు. మేస్త్రీ పని చేసే ముసలాయన ఒకడు అక్షరం రానివాడని పద్మనాభం గారికి తెలుసు. అతనూ అలాగే పడేశాడు. సమావేశం జరిగిన నాటి నుంచీ సువార్తమ్మ కుళాయి దగ్గర వరసలో నిలబడ్డవాళ్ళందరికీ అట్టముక్కల మీద ఆ ఎనిమిది మాటలూ అదే గొలుసుకట్టులో రాసి చూపించిందని ఆయనకి తరవాత తెలిసింది. ఊగే రైల్లో, గుడ్డి దీపం కింద, దేశంలో ఉన్న చెత్త రాతలన్నీ చదివి సరైన గూట్లో పడేసిన మనిషికి ఒక్క తాసిల్దారు రాత లెక్క కాలేదు. రోజూ గంటన్నర కుళాయి కోసం ఎదురుచూసేవాళ్ళకి చదువుకోడానికి తీరిక కూడా దొరికింది.

ముందు వరసల వాళ్ళు వచ్చారు. వాళ్ళు పెట్టెల కేసి చూడలేదు. చూడవలసింది అవతలివాళ్ళని వాళ్ళ ఉద్దేశం. రిటైర్డ్ సూపరింటెండింగ్ ఇంజనీరు గారు ఎనిమిది చీటీలనీ మడతపెట్టి చేతికందిన పెట్టెలో కుక్కారు. హెడ్మాస్టరు గారు కళ్ళజోడు మరిచిపోయి వచ్చారు. సీతారత్నం మాత్రం ప్రతి పెట్టె ముందూ వంగి చూసి, "ఏమిటండీ ఈ జిలేబీ చుట్టలు?" అని భర్తని అడిగింది. చెబితే రహస్యానికి భంగమని ఆయన అన్నారు. ఆవిడ ఆయన కళ్ళలోకి ఒకసారి చూసి, చీటీలన్నీ సంచీలో వేసుకుని ఇంటికెళ్ళిపోయింది.

లెక్క తేలింది. పసుపు చీటీలు వేసిన రెండు వందల పన్నెండు మందిలో తప్పు పడింది తొమ్మండుగురికి. తెల్ల చీటీలు వేసిన నూట ముప్ఫై తొమ్మిది మందిలో సరిగ్గా పడింది పదకొండు మందికి. ఆఖరిసారి పెట్టెలు మార్చిన వెంటనే ఓటేసిన దత్తాత్రేయులు, కార్యదర్శిగా తనకి తాను వేసుకున్న చీటీ వృక్ష పర్యవేక్షకుడి పెట్టెలో దొరికింది.

పల్లపు వీధుల వాళ్ళు ఎనిమిది పదవులూ గెలిచారు.

దత్తాత్రేయులు కాగితాలు రెండుసార్లు చూశారు. లేచి నిలబడి ప్రకటించారు. "ఈ ఫలితము నిలుపుదల చేయబడినది. మానవమాత్రులు ఇంత కచ్చితముగా ఓటు వేయుట అసంభవము. తప్పులు లేకపోవుటయే అక్రమమునకు ప్రాథమిక సాక్ష్యము."

"మరి తొమ్మండుగురు తప్పేశారు కదండీ?" అంది సువార్తమ్మ.

"అది కప్పిపుచ్చుటకు చేసిన ఏర్పాటు."

*

ఆ సాయంత్రమే దత్తాత్రేయులు పద్మనాభం గారింటికి మళ్ళీ వచ్చారు. "తరవాత వాళ్ళేం చేశారు మేష్టారూ? ఎనిమిది పెట్టెలతో ఆగి ఉండరే."

పద్మనాభం గారు ఈసారి కాఫీ చెప్పలేదు. "దత్తాత్రేయులు గారూ, అదంతా మహా పాపం అని నా ముగింపు..."

"ముగింపులు విద్యార్థులకండీ. మనకి పద్ధతి కావాలి." ఆగి, మెత్తగా అన్నారు. "కాలనీలో ఈ విషయం తెలిసినవాళ్ళు మీరొక్కరే కదా."

ఆ మాటకి పద్మనాభం గారు కరిగిపోయారు. పద్దెనిమిది వందల తొంభై అయిదులో కొత్త రాజ్యాంగం రాశారని చెప్పారు. ఓటు కావాలన్నవాడు రాజ్యాంగంలో ఒక నిబంధన చదవాలి, లేదా చదివి వినిపిస్తే అర్థం చెప్పాలి. అర్థమైందో లేదో నిర్ణయించేది ఎదుట కూర్చున్న అధికారి. అతనికి తృప్తి కలిగితే కలిగినట్టు, లేకపోతే లేనట్టు.

"తృప్తి!" అన్నారు దత్తాత్రేయులు, ఆ మాటని నోట్లో పటికబెల్లంలా చప్పరిస్తూ. "అప్పీలు లేని మాట."

వారం తిరక్కుండా, మళ్ళీ జరపబోయే ఎన్నికలో ఓటు కావాలన్నవాళ్ళకి 'అవగాహన పరీక్ష' వచ్చింది. పరీక్షకుడు పద్మనాభం గారు. పక్కనే దత్తాత్రేయులు. మొదటి రెండు రోజులూ పల్లపు వీధులు, మూడోరోజు ముందు వరసలు. ముందు వరసల వాళ్ళని వాళ్ళ పేర్లు అడిగితే చాలునని లోపాయికారీగా అనుకున్నారు. మిగిలినవాళ్ళకి సంఘ నియమావళిలో పద్నాలుగో నిబంధన. అదిలా ఉంటుంది: 'సంఘమందలి సభ్యులెల్లరకును జలము యథోచితముగా సరఫరా చేయబడవలెను.'

మొట్టమొదట సువార్తమ్మ కూర్చుంది. పద్మనాభం గారు నిబంధన చదివారు.

"నీళ్ళు అందరికీ సరిపడా ఇవ్వాలని అండి."

ఆ అర్థంలో పద్మనాభం గారికి ఏ తప్పూ కనబడలేదు. ఆయన కలం ఒప్పు వైపు కదిలింది. బల్ల కింద దత్తాత్రేయులు మోకాలు ఆయన మోకాలికి తగిలింది.

"భావం వచ్చింది గానీ తాత్పర్యం రాలేదు," అన్నారు దత్తాత్రేయులు. "పరీక్షకుల వారికి తృప్తి కలగలేదు. అంతేనా మేష్టారూ?"

సువార్తమ్మ పద్మనాభం గారి కేసే చూస్తోంది. కోపంగా కూడా కాదు. చిరునామా సరిగ్గా లేని ఉత్తరాన్ని ఏ గూట్లో వెయ్యాలా అని చూస్తున్నట్టుగా చూస్తోంది. ఆయన తలవంచి తప్పు వేశారు.

తరవాత రెండు వందల పదకొండు మంది వచ్చారు. కొందరు సమానంగా అన్నారు. తప్పు. కొందరు అవసరాన్ని బట్టి అన్నారు. తప్పు. కొందరు, మొదటివాళ్ళ గతి చూసి, పెద్దలకి ఎక్కువ మాకు తక్కువ అన్నారు. అది మర్యాదగానే ఉన్నా ఒప్పు వేస్తే ఓటు ఇవ్వాలి కనుక అదీ తప్పే. ఒకావిడ నియమావళి మీరే రాశారు మీకే తెలియాలంది. తప్పు. ఒకాయన ఏమీ అనకుండా దణ్ణం పెట్టాడు. దత్తాత్రేయులు ఆ దణ్ణాన్ని కూడా రికార్డులో రాయించి తప్పు వేయించారు. రెండో రోజు పొద్దుగూకేసరికి పద్నాలుగో నిబంధనకి మనిషి బుర్రకి తట్టగల అర్థాలన్నీ తప్పులని దస్తావేజుల్లోకి ఎక్కాయి. ఆ రెండు రోజులూ పద్మనాభం గారు ఇంట్లో అన్నం సరిగ్గా తినలేదు. సీతారత్నం కూడా తినమనలేదు.

మూడోరోజు, ముందు వరసల వాళ్ళు ఇస్త్రీ బట్టలతో పేర్లు చెప్పడానికి వచ్చేవేళకి, సంఘాల శాఖ నుంచి పర్యవేక్షణాధికారి దిగాడు. ఆయన్ని పిలిపించింది దత్తాత్రేయులే, ఆమోదముద్ర కోసం. అధికారి కాగితాలన్నీ తిరగేసి చాలా ప్రసన్నుడయ్యాడు.

"పరీక్షా విధానం ప్రశంసనీయం. అయితే ప్రశ్నల విషయంలో ఏకరూపత లోపిస్తే ఆడిట్ అభ్యంతరం వస్తుంది. అందరికీ ఒకే ప్రశ్న. ఒకచోట తప్పని రికార్డయిన సమాధానం ఇంకోచోట ఒప్పు కాజాలదు. చెయ్యండి, నేను కూర్చుంటాను."

ఇంజనీరు గారు వచ్చారు. "యథోచితం అంటే ఎవరికెంత అర్హతుంటే అంత," అన్నారు.

అధికారి పేజీ తిప్పాడు. "క్రమసంఖ్య నలభై ఏడు చూడండి. ఇదే సమాధానం. తప్పు."

హెడ్మాస్టరు గారు సంధి విడదీసి, సమాసం చెప్పి, వ్యుత్పత్తి వివరించారు. "క్రమసంఖ్య నూట ముప్ఫై. అక్కడ క్లుప్తంగా ఉంది. తప్పు." సీతారత్నం వచ్చి, "అందరికీ నీళ్ళివ్వమని. ఇంతకన్నా ఏముందీ అందులో?" అంది. క్రమసంఖ్య ఒకటి. తప్పు. ఒకాయన కోపంతో లేచిపోయాడు. అలా లేచిపోవడం కూడా నూట అరవై రెండో నంబరు దగ్గర ఉంది.

మధ్యాహ్నానికి దత్తాత్రేయులు ఒక్కరే మిగిలారు. ఆయన చాలాసేపు కుర్చీలో కూర్చుని ఎవరూ చెప్పని అర్థం కోసం వెతికారు. చివరికి, "యథోచితం అంటే, కార్యదర్శి వారికి ఉచితమని తోచినట్టు," అన్నారు.

అధికారి ఆదినుంచి అంతం దాకా వెతికాడు. ఆ సమాధానం ఎవరూ చెప్పలేదు. "ఇది కొత్తది. పరీక్షకులకి తృప్తి కలిగిందా?"

బల్ల కింద మోకాలు తగిలింది. పద్మనాభం గారు కుర్చీ వెనక్కి జరుపుకున్నారు.

"కలగలేదండి," అన్నారు. మూడు రోజుల్లో ఆయన స్వయంగా పలికిన మొదటి మాట అదే. "ఆ సభ్యురాలి సమాధానమే సరైనది. మొదటి నంబరు. తప్పు వేసింది నేను."

"రికార్డు దిద్దడం కుదరదు," అన్నాడు అధికారి, కలానికి మూత పెడుతూ. "పరీక్షకులు పరీక్షకి కూర్చోలేదు. కనుక అర్హులైన ఓటర్లు సున్న. ఓటర్లు లేని సంఘానికి సభ్యులు లేనట్టు. సభ్యులు లేని సంఘం లేనట్టు. లేని సంఘం పంపు నడపడం నియమ విరుద్ధం." ఆ సాయంత్రం పంపు గదికి తాళం పడి, దాని మీద లక్క ముద్ర పడింది.

*

మర్నాటి నుంచి మునిసిపాలిటీ ట్యాంకరు రోజూ పొద్దున్నే వీధి చివర ఆగేది. ఇంజనీరు గారు ప్లాస్టిక్ బిందె పట్టుకుని వరసలో నిలబడ్డారు. ఆయన వెనక దత్తాత్రేయులు, "నిబంధన నిలబడిందండీ, అది చాలు," అని అందరికీ ధైర్యం చెప్పారు.

మూడో వారంలో ఒకరోజు పద్మనాభం గారు సువార్తమ్మ వెనక నిలబడవలసి వచ్చింది. ఆవిడ తిరిగి చూసింది.

"ఆ ఊళ్ళో ఆఖరికి ఏమైందండి మేష్టారూ? ఆ పెట్టెలూ అవీ పెట్టిన ఊళ్ళో?"

ఎవరూ అడగని ముగింపు అడిగింది ఆవిడే. ఆయన నేలచూపులు చూస్తూ చెప్పారు. "ఆ రాజ్యాంగం వచ్చాక డెబ్భై ఏళ్ళు పట్టిందమ్మా. కోర్టులు, ఊరేగింపులు, దెబ్బలు. ఆఖరికి దేశం మొత్తానికీ చట్టం చేస్తే గానీ ఆగలేదు."

"డెబ్భయ్యేళ్ళే!" ఆవిడ బిందె కింద పెట్టింది. "అయితే మనం తొమ్మిదింటి బస్సుకే పోవాలండి. కోర్టులో కేసేస్తాను. మీరొచ్చి చెప్తారా, ఈ పద్ధతి ఎక్కడిదో, చెప్పిందెవరో?"

కాలనీ అంతా వింటోంది. ఆయన చెవులు ఎర్రబడ్డాయి. "వస్తాను," అన్నారు.

తరవాత సాక్షి బోనులో నిలబడినప్పుడు జడ్జిగారు, "ఆ పద్ధతి వల్ల అక్కడ జరిగిన అన్యాయం మీకు తెలియదా?" అని అడిగారు. "తెలుసండి." "తెలిసే చెప్పారా?" "తెలిసే చెప్పానండి." దానికి మించి తనని సమర్థించుకునే మాట కోసం ఆయన వెతకలేదు.

కోర్టు తీర్పు తొమ్మిది నెలలకి వచ్చింది. ఎన్నికకి ఒకే పెట్టె, పరీక్ష లేదు. సువార్తమ్మ అధ్యక్షురాలైంది. మొదటి రోజే వాల్వు ఊడదీయించింది. పొద్దున్న గంటన్నర ముందు వరసలకీ పల్లపు వీధులకీ ఒకేసారి నీళ్ళు వచ్చాయి. ట్యాంకు అంతకుముందెన్నడూ పూర్తిగా ఖాళీ కాలేదనీ, రోజూ నిండి పొర్లిన సగం నీళ్ళు పైపు దారిన మురుగులోకి పోయేవనీ అప్పుడు బయటపడింది. ఫిర్యాదుల పుస్తకం రాసే పని ఎవరూ ఇవ్వకుండానే పద్మనాభం గారు తీసుకున్నారు.

రెండో వారం దత్తాత్రేయులు లిఖితపూర్వకమైన ఫిర్యాదు పట్టుకుని ఆఫీసు గదికి వచ్చారు. సువార్తమ్మ ఆ కాగితాన్ని తీసుకుని, ఆ గొలుసుకట్టుని ఎక్కడా తడబడకుండా చదివి, తలెత్తింది.

"నీటి సరఫరాలో తీవ్ర లోపం అని రాశారండి. మీ ఇంటికి నీళ్ళు రావట్లేదాండి?"

"వస్తున్నాయి."

"ధార తగ్గిందాండి?"

"తగ్గలేదు."

"చాలట్లేదాండి?"

"మిగులుతున్నాయి."

"మరి లోపమేటండి?"

దత్తాత్రేయులు పద్మనాభం గారి కేసి చూశారు. సాయం రాకపోయేసరికి, ఇంత తేలిక విషయం అర్థం కాని మనుషులకి వివరించవలసి వచ్చినందుకు విసుక్కుంటూ చెప్పారు.

"వాళ్ళకీ వస్తున్నాయి."

పద్మనాభం గారు ఆ మాటని ఉన్నదున్నట్టు పుస్తకంలో రాశారు. సువార్తమ్మ ఫిర్యాదు స్వీకరించినట్టు ముద్ర వేసి, రసీదు చింపి దత్తాత్రేయులు చేతిలో పెట్టింది.